వామి లోపలి మంట

మంటల్లో కూడా తరగతులుంటాయని అగ్నిమాపక శాఖలో చేరిన తర్వాతే నాకు తెలిసింది. అంతకు ముందు నాకు మంటంటే మంటే. ట్రైనింగులో మా ఇన్‌స్ట్రక్టరు ఎర్రటి ఎండలో మమ్మల్ని వరసగా నిలబెట్టి ఎక్కాల మాదిరి అప్పజెప్పించేవాడు. కట్టె, గడ్డి, గుడ్డ, కాగితం ఇలా కాలి బూడిదయ్యేవి 'ఏ' క్లాసు. పెట్రోలు, కిరసనాయిలు లాంటివి 'బి'. గ్యాసు 'సి'. లోహం అంటుకుంటే 'డి'. లోహం కాలడమేమిటని ఎవడో కిసుక్కున నవ్వితే వాడితో పాటు నన్నూ గ్రౌండు చుట్టూ పరిగెత్తించాడు, వాడి పక్కన నిలబడిన పాపానికి. ఇన్నేళ్ళ సర్వీసులో 'డి' క్లాసు మంట ఒక్కటీ చూడలేదు నేను. ఆ పరుగు మాత్రం మర్చిపోలేదు.

మంటనార్పే దారులు మూడన్నారు. నీళ్ళతో చల్లబరచడం ఒకటి, గాలి తగలకుండా కప్పేయడం ఒకటి, మిగిలిన సరుకును మంటకి అందకుండా పక్కకు లాగేయడం ఒకటి. 'ఏ' క్లాసుకి నీళ్ళే మందని పాఠంలో రాసి ఉంది. ఆ పాఠం రాసినవాడు మా అనంతపురం మెట్టకు వేసవిలో ఒక్కసారి వచ్చి ఉంటే ఆ మాట అంత ధీమాగా రాసేవాడు కాదు. ఇక్కడ మనుషులే బిందె నీళ్ళ కోసం ట్యాంకరు వెంట పరిగెత్తుతారు. ఫైరింజను ఊళ్ళోకి వస్తే ఆడవాళ్ళు బిందెలతో ఎదురొచ్చిన రోజులున్నాయి. ట్యాంకరని పొరబడి కాదు. ఫైరింజనని తెలిసే వచ్చేవాళ్ళు. మంట ఆరాక ఏమైనా మిగిలితే పోసిపొమ్మని అడిగేవాళ్ళు. మేమూ పోసే వచ్చేవాళ్ళం.

ఇంట్లో నా చదువుకి మర్యాద లేదు. ఒకరోజు సంగటి అడుగంటి ఇల్లంతా మాడు వాసన కొడుతుంటే ముక్కు చిట్లించాను. మా ఆవిడ తెడ్డు చేత్తో పట్టుకునే వెనక్కి తిరిగి, "ఇది ఏ క్లాసు మంటో చెప్పు సామీ" అంది. 'ఏ' క్లాసన్నాను. "అట్లయితే నీళ్ళు పోసుకోని తిను" అని సంగటి తట్ట నా ముందుకు తోసింది. కిక్కురుమనకుండా తిన్నాను.

తరగతులు కాక మాకు ఇంకో లెక్క ఉంది. మంట చిన్నదా, మధ్యరకమా, పెద్దదా అని. అది ఎంత ఎత్తు లేచిందన్నదాన్ని బట్టి కాదు, ఎంత నష్టం చేసిందన్నదాన్ని బట్టి. తాడిపత్రిలో పని చేసేటప్పుడు బండలు పాలిష్ పట్టే షెడ్డొకటి కాలితే మధ్యరకం అన్నాం. గడ్డివామి మాత్రం ఎప్పుడు కాలినా చిన్నదే. ఆకాశమంత లేచినా చిన్నదే. దాని వెల అంతే కదా అంటారు. ఈ లెక్క పెట్టినవాళ్ళ మీద నాకు అరికాలి మంట నెత్తికెక్కుతుంది. స్టేషన్లో పైకి అనను, ఇంటికొచ్చి అరుస్తాను. మా ఆవిడ బియ్యం ఏరుకుంటూ వింటున్నట్టు తలూపుతుంది. ఇక చాలనిపించినప్పుడు "లేసి కాళ్ళు కడుక్కోపో" అంటుంది.

ఆ కోపం ఊరికే రాలేదు. మడకశిర వైపు ఒక పల్లెలో కాలిన వాముల సంగతి చెబితే తప్ప అది ఎవరికీ అర్థం కాదు.

మా వైపు వామి అంటే ఎక్కువగా శెనక్కాయ కట్టె వామి. చెట్టు పీకి కాయలు కోసుకున్నాక మిగిలిన తీగనీ ఆకునీ కట్టె అంటారు. దాన్ని ఎండబెట్టి దొడ్డిలో ఇంటెత్తు పేరుస్తారు. గొడ్లు దూరకుండా చుట్టూ తుమ్మకంప అడ్డం పెడతారు. ఏడాది పొడుగునా ఎద్దులకి అదే కూడు. వానలు మొహం చాటేసిన ఏడు కాయలో గింజ ఊరదు. కాయ పోతే పోయింది, కట్టె అయినా మిగిలింది కదా అని ప్రాణం కుదుటపరచుకునే రైతులుంటారు ఇక్కడ.

ఆ ఏడు అలాంటిదే. చేలో పైరున్నన్నాళ్ళు చుక్క పడలేదు. పీకి కుప్పలేసిన తర్వాత ఎక్కడో సముద్రంలో తుపాను లేచిందని ఇక్కడ ముసురు పట్టింది. మా వానకి సిగ్గూ శరమూ లేదు, రమ్మన్నప్పుడు రాదు, వద్దన్నప్పుడు వచ్చి కూర్చుంటుంది. కుప్పల్లో కట్టె తడిసింది. ఎండ మొహం కనబడగానే జనం హడావిడిగా వాములు వేసుకున్నారు, మళ్ళీ ముసురొస్తే ఉన్నదీ కుళ్ళిపోతుందని. పైన తేమ ఆరింది. లోపల ఆరిందో లేదో చూసుకునే ఓపిక ఎవరికుంది.

కొన్ని వారాలు గడిచాయి. ఒక పొద్దున టీ తాగుతుంటే స్టేషనుకి ఫోనొచ్చింది, వామి అంటుకుందని. అప్పుడు నేను లీడింగ్ ఫైర్‌మన్‌ని. అంటే బండిలో ముందు సీట్లో కూర్చుని, దిగగానే "ఇంతసేపా" అని ఊరందరితో మాట పడేవాణ్ణి. డ్రైవరు, నేను, ఇద్దరు ఫైర్‌మన్లు బయల్దేరాం. మట్టి రోడ్డు ఎక్కేసరికే పొగ కనబడింది. నల్లగా కాదు, పచ్చకట్టె పొగలాగా తెల్లగా, బరువుగా, గుట్ట వారగా సాగుతోంది.

దొడ్డిలో రెండు వాములు పక్కపక్కనే ఉన్నాయి. ఒకటి మండుతోంది, దాని మీద కప్పిన పట్ట కరిగి కారుతోంది. రెండోది నీలం రంగు టార్పాలిన్ పట్ట కింద చక్కగా, తాళ్ళు బిగించి, రాళ్ళు వేలాడగట్టి, ఏమీ పట్టనట్టు ఉంది. మగవాళ్ళు వేపరొట్టలతో కొడుతున్నారు. ఇద్దరు ముగ్గురు ఫోన్లెత్తి వీడియో తీస్తున్నారు. వాళ్ళని నాలుగు తిట్టి, కొక్కేలతో కంప లాగేసి దారి చేసుకున్నాం. గాలి రెండో వామి వైపు లేదు, ఆ ఒక్కటే కలిసొచ్చింది. ముందు దాని మీద పైపైన తడిపి, తర్వాత మండేదాని మీద నీళ్ళు కొట్టాం. బండిలో నీళ్ళు ఎంతసేపు వస్తాయి. పైమంట అణిగేసరికి ట్యాంకు అడుగంటింది. లోపల ఇంకా కుతకుతమంటూనే ఉంది.

దగ్గర్లో నీళ్ళున్న బోరు పక్క ఊరి పొలంలో ఉందన్నారు. ఇద్దరు ఫైర్‌మన్లనీ ఎక్కించుకుని డ్రైవరు బండి తీసుకుపోయాడు. మంట మళ్ళీ లేస్తే చెప్పడానికి నేను దొడ్డిలో ఉండిపోయాను. నా దగ్గర ఒక గడ్డపార, ఒక కొక్కెం, ఒక ఫోను మిగిలాయి.

అప్పటికి గానీ కాలింది ఎవరి వామో నాకు తెలియలేదు. యాభై దాటిన మనిషి, పంచె మోకాళ్ళ దాకా మడిచి, తలకు తువ్వాలు చుట్టి, మండిన వామికి ఎదురుగా గొంతుకూర్చున్నాడు. ఏడవలేదు, అరవలేదు. బూడిదను చూస్తూ ఉన్నాడు. పది పదిహేనేళ్ళు చిన్నవాడైన ఇంకొకడు, చొక్కా అంతా మసి, ఆయన వెనకే నిలబడి ఉన్నాడు. రెండో వామి అతనిది. ఇద్దరూ అన్నదమ్ములు. ఎప్పుడో వేరు పడ్డారు, వేరు పడినా పొత్తులోనే ఉన్నారు.

పొత్తంటే ఇదీ. ఇద్దరికీ చెరొక ఎద్దు. జత కొనే తాహతు ఇద్దరికీ లేదు. రెండిట్నీ ఒకే కాడికి కట్టి ముందు ఒకరి చేను, తర్వాత ఇంకొకరి చేను దున్నుకుంటారు. పట్ట ఒక మూల ఎత్తి ఎవరి ఎద్దుకి మేత వాళ్ళ వామిలోంచే తీస్తారు. వేసే పని మాత్రం వంతులవారీ, ఒక రోజు అన్న, ఒక రోజు తమ్ముడు. ఆ రెండెద్దులూ దొడ్డి మూలన ఒకే గూటానికి కట్టి ఉన్నాయి. పొగకి బెదిరి తాళ్ళు లాగుతున్నాయి. అన్న వామి పోయిందంటే అన్న ఎద్దుకి ఏడాది మేత పోయింది. ఆ కరువులో దుడ్లు పెట్టినా మేత దొరకదు. మేత లేని ఎద్దు సంతకి పోవాల్సిందే. ఒక ఎద్దు పోతే రెండోది ఒంటెద్దు అవుతుంది, దానితో మడక కట్టి దున్నలేరు. అక్కడ నిలబడ్డ ప్రతివాడికీ ఈ సంగతి తెలుసు.

అన్న తమ్ముడి వైపు తిరక్కుండానే అడిగాడు.

"తెల్లార్తో నువ్వు ఈడికి వచ్చినావా లేదా?"

"వచ్చినా. ఈపొద్దు వంతు నాది గదా. మేత తీసకపోవాలని వచ్చినా."

"కంప తీసింది నువ్వే కదా?"

"నేనే. తియ్యకుండా మేతెట్ల తీసేదన్నా?"

"వారం దినాల కింద ఏమంటివి నువ్వు? ఎద్దునమ్మి బెంగులూరు కూలికి పోతానంటివి. నేను వద్దంటి. నీ ఎద్దు పోతే నేను ఒంటెద్దుతో ఏం జేయాల అంటి. ఇప్పుడు నాకు మేత లేకుంటే నేను గూడ అమ్ముకోవాల్సిందే. నీ దారి నీకు సుళువాయ."

 తమ్ముడి మొహంలో రక్తం లేదు. "ఏం మాట్లాడతాండావు నా నువ్వు?" అన్నాడు. 

"పక్కపక్కనే ఉండాయి గదా రెండూ. నాది కాలి, నీది ఎట్ల మిగిలె? చెప్పు. ఊరు ఉండాది, వీళ్ళ ముందరనే చెప్పు."

నాకు కోపం నషాళానికి అంటింది. మా ఉద్యోగంలో ప్రతి మంటకీ కారణం కూడా చెప్పాలి. పొరపాటున అంటుకుందా, ఎవరైనా పెట్టారని అనుమానమా, తనంతట తానే అంటుకుందా అని. ఏమీ తోచని చోట షార్ట్ సర్క్యూట్ అనేస్తాం, కరెంటుకి నోరు లేదు కాబట్టి. ఆ దొడ్డిలో కరెంటు తీగ కూడా లేదు. ఇక అనుమానం అన్న మాట నా నోట్లోంచి వచ్చిందంటే సాయంత్రానికి పోలీసులు ఆ తమ్ముడి గుమ్మంలో ఉంటారు. అన్నకి ఎద్దు పోవడం కాదు, తోడబుట్టినవాడే పోతాడు. వచ్చినప్పటి నుంచి నా కంటికి కనబడుతున్నది మాత్రం వేరే.

"ఎవరూ పెట్టలేదప్పా దీన్ని. ఇట్ల రా, చూపిస్తా" అన్నాను.

గడ్డపారతో వామిని ఒక పక్క తవ్వి తీశాను. వెలుపలి కట్టె ఒక వైపు ఇంకా పచ్చగానే ఉంది. లోపలికి పోయేకొద్దీ గోధుమ రంగు, తర్వాత బెల్లం పాకం రంగు, నడిబొడ్డున బొగ్గు. కొలిమి పెట్టినట్టు గుండ్రటి గుహ.

"బయట అగ్గి పెడితే బయట కాలి లోపలికి పోతాది. ఇది లోపల కాలి బయటికొచ్చిండాది. తడి కట్టె వామి ఏసినారు. దాని మీద పట్ట కప్పి తాళ్ళు బిగిస్తిరి. తడి లోపలే మగ్గి కాగింది. పెంటదిబ్బలో చెయ్యి పెడితే వేడి తగలదా? అట్లనే ఇది."

"తగుల్తాది" అన్నాడు అన్న. "పెంటదిబ్బ ఎప్పుడన్నా మండిందా?"

నా దగ్గర జవాబు ఉంది గానీ ఆయన వినే స్థితిలో లేడు.

"మా నాయన కాలం నుంచి ఏస్తాండాం వాములు. దానంతట అది కాలింది యాడా చూడలేదు నేను."

"మీ నాయన పట్ట కప్పెనా?"

 వాళ్ళ నాయన కాలంలో వామి మీద బోదగడ్డి కప్పేవాళ్ళు. దానిలోంచి గాలి ఆడుతుంది, ఆవిరి పోతుంది. ఈ అన్నదమ్ములు మడకశిరలో ఒకే అంగట్లో ఒకే రకం పట్టలు రెండు తెచ్చుకున్నారు. పోయిన ముసురుకి తడిసింది చాలు, ఇంక చుక్క కూడా దిగకూడదని నాలుగు వైపులా నేల దాకా దించి, కింద రాళ్ళు పేర్చి, చంటిబిడ్డకి దుప్పటి కప్పినట్టు కప్పారు. ఊళ్ళో ఇంకెవరూ అంత శ్రద్ధగా కప్పుకోలేదు. వాళ్ళ ఎద్దుల మీద వాళ్ళకున్న ప్రేమే ఆ వామిని ఉడకబెట్టింది. ఈ మాట ఆయనతో ఎలా చెప్పాలో నాకు తెలియలేదు. తెలిసినా చెప్పేవాణ్ణి కాదేమో.

అప్పుడే నాకు రెండో వామి గుర్తొచ్చింది. అదే వాన, అదే కట్టె, అదే వారంలో వేసింది, అదే పట్ట. దగ్గరికి వెళ్ళి పట్ట అంచు ఎత్తి వాసన చూశాను. మాడుతున్న బెల్లం వాసన.  గడ్డపారను వామిలోకి వీలైనంత లోతు దించి కాసేపు ఉంచి లాగాను. కొస పట్టుకున్న వేళ్ళు చురుక్కుమన్నాయి.

"ఇది గూడ కాగుతాండాది. ఎవ్వరూ ముట్టుకోవద్దండి" అన్నాను గట్టిగా. "పట్ట ఎత్తితే గాలి తగిలి భగ్గుమంటాది. బండి రానీ. నీళ్ళు చేతిలో పెట్టుకోని కొంచెం కొంచెం ఇప్పుదాం. పైనుండే మేతంతా దక్కుతాది. సగానికి పైన దక్కుతాది."

డ్రైవరుకి ఫోను చేశాను. బోరు దగ్గరే ఉన్నాడు. త్రీఫేజు కరెంటు పోయిందట, వచ్చాక మోటారు వేసి నింపుకుని వస్తానన్నాడు. ఎప్పుడొస్తుందంటే, "ఆ కరెంటోళ్ళకే తెలీదన్నా, నాకేం తెలుసు" అన్నాడు. పైమంట లేదు, లోపలి వేడి ఇన్ని వారాలు ఆగింది, ఇంకో గంట ఆగదా అనుకున్నాను. నిజంగా ఆగేది. ఇప్పటికీ నా నమ్మకం అదే.

"చూస్తివి గదా" అన్నాను అన్నతో. "నీ తమ్మునిది గూడ అదే మాదిరి కాగుతాండాది. దానికి గూడ ఆయప్పే అగ్గి పెట్టుకున్యాడా?"

ఆయన లేచి వచ్చి గడ్డపార పట్టుకుని చూశాడు. అరచేత్తో నిమిరాడు. కిందపడేశాడు.

"ఇంతసేపు దీంతోనే కదా నా వామి తవ్వితివి. నిప్పుల్లో పొడిచిన ఇనుము కాగకుంటే ఏమైతాది?"

 ఆయన అన్నదాంట్లో తప్పు లేదు. చల్లటి గడ్డపార ఇంకొకటి తెమ్మని జనంలోకి కేక వేశాను. ఒకాయన ఇంటివైపు పరిగెత్తాడు. ఆ కాస్త సమయం ఆగి ఉంటే సరిపోయేది.

"ఈయప్ప నిన్ను కాపాడాలని చూస్తాండాడు లేరా" అన్నాడు అన్న తమ్ముడితో. మొదటిసారి అతని కళ్ళలోకి చూసి అన్నాడు. "పోనీలే. నువ్వు బాగుండు. నాయన సచ్చేటప్పుడు నిన్ను నా చేతిలో పెట్టె. దానికి నువ్వు చేయాల్సింది చేసినావు."

తమ్ముడు ఏడుస్తున్నాడు, కళ్ళు తుడుచుకోవడం లేదు. నేరుగా తన వామి దగ్గరికి నడిచాడు. నేను కేక వేసేలోపే మొలలో దోపుకున్న కొడవలి తీసి ఒక తాడు కోసేశాడు, రెండోది కోసేశాడు. నేను వెళ్ళి వెనక నుంచి నడుము పట్టుకున్నాను. విదిలించి కొట్టాడు. నేను కంపలో పడ్డాను.

"చూడు నా" అంటున్నాడు పట్ట లాగుతూ. "నీ కండ్లతోనే చూడు. నేను పెట్టినానో, అదే కాల్తాందో చూడు."

పట్ట జారి కింద పడింది. పైనంతా ఎండిన కట్టె, దాంట్లోంచి ఆవిరి. అతను చేతులతోనే పీకుతున్నాడు, బారలు బారలు తీసి వెనక్కి విసురుతున్నాడు. ఆవిరి పోయి పొగ వచ్చింది. ఒక చోట చెయ్యి లోపలికి పోయింది, కెవ్వుమన్నాడు, అయినా పీకడం ఆపలేదు. గుట్ట మీద నుంచి గాలి ఒక్క విసురు విసిరింది. ముందు ఎర్రగా కన్ను తెరిచినట్టు కనబడింది. తర్వాత మంట. ఎవరూ అగ్గిపుల్ల గీయలేదు, బీడీ విసరలేదు. ఊరంతా చూస్తుండగా వామి నడిమధ్య నుంచి మంట లేచి నిలబడింది.

అందరికంటే ముందు కదిలింది అన్న. ఆ వయసులో అంత వేగం ఆయనకి ఎక్కడిదో తెలియదు. తమ్ముడి చొక్కా కాలరు పట్టి లాగాడు, చొక్కా చిరిగింది. జుట్టు పట్టి లాగాడు. ఇద్దరూ వెల్లకిలా పడ్డారు. నేనూ ఇంకో ఇద్దరూ కలిసి వాళ్ళని మంటకి దూరంగా ఈడ్చుకొచ్చాం. తమ్ముడి కుడిచేయి మోచేతి దాకా పొక్కిపోయింది.

ఆడవాళ్ళు ఇళ్ళలోకి పరిగెత్తి బిందెలు తెచ్చారు. అవి తాగే నీళ్ళని నాకు తెలుసు. ఆ ఊరికి ట్యాంకరు రోజూ రాదు. ఒక్కరూ వెనకాడలేదు, తెచ్చి పోశారు. బిందెల నీళ్ళు ఆ మంటకి ఏ మూలకి. నేను కొక్కెంతో కట్టె లాగి పక్కకు పడేస్తూ పోయాను. ఈ మూడో దారి ఒక్కటే నా చేతిలో ఉంది. లాగినదల్లా గాలికి అంటుకుంటూ పోయింది. రెండు మూడు మోపులు దక్కించానేమో. కొక్కెం చేతుల్లోంచి జారిపోతుంటే ఏడుపొచ్చింది. పొగకి వచ్చిందిలే అని ఎవరైనా అనుకుని ఉంటారు.

బండి వచ్చేసరికి రెండో వామి సగానికి కూలిపోయింది. ఫైర్‌మన్లు దిగి పైపు పరిచారు. నీళ్ళు బాగానే వచ్చాయి, కరెంటు వచ్చినట్టుంది. రెండు కుప్పల్నీ తిరగేసి తడిపి, మళ్ళీ తిరగేసి, ఎక్కడా పొగ లేకుండా చేశారు. ఇలా చేశాకే మంట పూర్తిగా ఆరిందని చెబుతాం. డ్రైవరు నా దగ్గరికొచ్చి "రెండోది ఎట్లంటుకునె నా?" అని అడిగాడు. పైపు చుట్టమన్నాను. వాడు నా మొహం చూసి అటు వెళ్ళాడు.

అన్నదమ్ములు దొడ్డి గోడ నీడలో కూర్చున్నారు. ఎవరో తెచ్చిన తడిగుడ్డ తమ్ముడి చేతికి చుట్టి ఉంది. అన్న అతని ఎడమచేతి మణికట్టు పట్టుకున్నాడు. ఎప్పుడు పట్టుకున్నాడో గానీ వదల్లేదు. అంబులెన్సుకి ఫోను చేశానని చెప్పడానికి నేను దగ్గరికి వెళ్ళాను. ఇద్దరూ ఎద్దుల వైపు చూస్తున్నారు. అవి మంట ఆరాక నెమ్మదించాయి. నేల మీద చెదిరిన కట్టె పరకల్ని మూతులతో వెతుక్కుంటున్నాయి.

"వచ్చే సంతకి తోలుకపోదాం నా" అన్నాడు తమ్ముడు.

"ఊ."

"నీదొకటే గాదు. రెండూ."

"ఊ. జతగానే పోనీ. ఇడదీసి అమ్మద్దులే" అన్నాడు అన్న.  

నాకు ఆయన మీద జాలి వేసింది. కోపం కూడా పోలేదు. ఒక్క గంట నోరు మూసుకుని ఉంటే ఏం పోయేదయ్యా నీకు అని అడగాలనిపించింది. ఏడాది మేత బూడిదైన మనిషిని ఆ మాట ఎవరడుగుతారు. ఎవరో ఒక శత్రువు చేశాడనుకుంటే ఆయన ప్రాణం నిలబడేది, అది నాకు అర్థమైంది. తన చేతులతో కప్పిన పట్టే చేసిందని ఒప్పుకోవడం అంత తేలిక కాదు.

ఆఫీసరు నుంచి ఫోనొచ్చింది. ఏ మంటనైనా ఆర్పగానే వివరాలు చెప్పాలి. నేను గోడ పక్కనే నిలబడి చెప్పాను. రెండు వాములు. 'ఏ' క్లాసు. చిన్నవి. ఒకరికి చెయ్యి కాలింది. కారణం ఏమిటని ఆయన అడిగాడు. తడి మేత, తనంతట తానే అంటుకుందన్నాను. రెండోదో అన్నాడు. రెండోది కూడా అదేనన్నాను.

అన్న తలెత్తి చూశాడు.

"ఏమని చెప్తాండావప్పా?"

"రెండూ వాటంతట అవే అంటుకున్యాయని. ఎవరి మీదా మాట రాదులే. నీ తమ్ముని జోలికి ఎవరూ రారు."

ఆయన తల అడ్డంగా ఊపాడు. ఫోన్లో ఆఫీసరు "హలో, హలో" అంటున్నాడు. అన్న తమ్ముడి చేయి వదలకుండానే కూర్చున్న చోటి నుంచే నాతో అన్నాడు.

"మొదటిది నువ్వెట్లన్నా చెప్పుకో. రెండోది దానంతట అది అంటుకోలేదప్పా. దాన్ని నేను అంటిచ్చినా. అట్లనే చెప్పు."